నలభై సెకన్లు

రాయగడ నుంచి పార్వతీపురం పోయే మొదటి బస్సులో
పదకొండేళ్ళుగా టిక్కెట్లు కొడుతున్నాను.
కూనేరు ఇంకా రాదు, ఒడిశా ఇంకా అయిపోదు,
ఆ నడిమిన చెక్‌పోస్టు ఎత్తేశారు గానీ
స్పీడు బ్రేకర్లు ఎవరూ ఎత్తెయ్యలేదు.
బస్సు నెమ్మదిస్తుంది.
ఆయన కనిపిస్తాడు.

పొద్దున్న ఆరూ యాభైకి చేతిలో చెంబు, నోట్లో కానుగ పుల్ల.
సాయంత్రం నాలుగూ ఇరవైకి పొయ్యి, పొగ.
నాకు తెలిసిన మనిషి ఇంతే.
మధ్యలో తొమ్మిదిన్నర గంటలు
నా సీట్లు పంచుకుంటాయి.

"పెళ్ళాం సచ్చిపోనాదట" అంటుంది గంపల సన్నమ్మ.
"పెళ్ళే అవనేదు గదేటి" అంటుంది వెనక సీటు.
మందుల కంపెనీ పాఢి బాబు
లెక్కల్లో డబ్బు తిన్నవాడని తేల్చేశాడు.
కుక్కతో తెలుగులోనూ కాకులతో ఒడియాలోనూ
మాట్లాడతాడని బడిపిల్లలు.
తెలుగువాళ్ళకి గేటు మాస్టారు,
ఒడియావాళ్ళకి ఫాటక బాబు.
పేరు ఎవరూ అడగలేదు. బస్సు ఆగదు కదా.

ఎర్ర తెలుపు చారల గేటు కర్ర
ఎవరినో పోనిచ్చి దించడం మరిచిపోయినట్టు
ఇప్పటికీ పైకి లేచే ఉంటుంది.
దాని మొదట్లో బరువు కోసం పెట్టిన రాళ్ళ డబ్బాలో
పచ్చిమిరప మొక్కలు.
కర్రకీ కిటికీ ఊచకీ మధ్య తీగ,
తీగ మీద లుంగీ, తువ్వాలు,
ఉతికి ఉతికి చెరుకు పిప్పి రంగుకొచ్చిన ఖాకీ చొక్కా.

పోయిన మాఘంలో ఒక్కనాడు
అదే తీగ మీద చిన్నపిల్ల గౌను.
పసుపుపచ్చది. నీళ్ళు కారుతోంది.
బస్సంతా ఒక పక్కకి ఒరిగింది.
డ్రైవరు జోగినాయుడు
బ్రేకరు దాటాక కూడా గేరు మార్చలేదు.
సాయంత్రానికి గౌను లేదు.
నెల్లాళ్ళు అదే కథ.
మనవరాలన్నారు, పాపం అన్నారు, పాపి అన్నారు.
ఏ లారీలోంచో జారి పడిందేమో,
మట్టి అంటితే ఉతికాడేమో అన్నవాణ్ణి
ఎవరూ మెచ్చుకోలేదు.

ఒక రాత్రి నిద్ర పట్టక లెక్కేశాను.
పూటకి నలభై సెకన్లు, రోజుకి రెండు పూటలు,
పదకొండేళ్ళు. సెలవులూ బందులూ తీసేస్తే
మూడు రోజులకి గంట తక్కువ.
పెళ్ళికొచ్చిన చుట్టం ఉండేపాటి.
ఆ మూడు రోజుల్లోనే ఆయన జుట్టు నెరిసింది,
కుక్క మారింది,
నా రెండో కూతురు పుట్టి అయిదో తరగతికొచ్చింది.

ఈ ఆషాఢంలో బైపాసు తెరిచారు.
ఎనిమిది నిమిషాలు కలిసొచ్చాయి.
సన్నమ్మ ఒక్కర్తే గంప సర్దుకుంటూ
"ఇప్పుడాయనకి టైమెలాగ తెలుస్తాదిరా బాబూ" అంది.
ఆ రోజు ఆమెకి చిల్లర తప్పు ఇచ్చాను.

వారం సెలవునాడు బావ బండి మీద వెళ్ళాను.
అరకిలో మిక్చరు పట్టుకుని.
మెట్టు మీద కూర్చుని పనస పిక్కల పొట్టు గీకుతున్నాడు.
ముక్కు పక్కన పుట్టుమచ్చ ఉంది.
ఎడమ చెవి వినపడదు.
నన్ను పైనుంచి కిందికి చూశాడు.
కిటికీ లేదు, భుజాన సంచీ లేదు, నోట్లో విజిల్ లేదు.
నేనెవరినని చెప్పడం?
"దారి తప్పినావా" అన్నాడు.
నేను జవాబు వెతుక్కుంటుంటే
అదే ఒడియాలో మళ్ళీ అడిగాడు.
లేదన్నాను, రెండిటికీ కలిపి.
సగం పిక్కలు నా వైపు తోశాడు.

చాలాసేపు గీకాం.
గౌను సంగతి నాలిక చివరిదాకా వచ్చింది.
పేరు కూడా.
అడగడానికి ఇప్పుడు సాయంత్రమంతా ఉంది,
అదే ఇబ్బందయింది.

ఆయన గడియారం చూడలేదు, గోడకి గడియారమూ లేదు.
లేచి పొయ్యి రాజేశాడు.
నా వాచీలో నాలుగూ ఇరవై.
పొగ పాత రోడ్డు దాకా పోయింది,
అక్కడ బస్సేదీ లేక
కాసేపు నిలబడింది.